పాట కొట్టేసిన్రు

ఇబ్రహీంపట్నం
12 ఫిబ్రవరి 2025, బుధవారం

బాపూ,

ముందు అమ్మను పిలిచి ఈ ఒక్క ముక్క చదివి వినిపించు. మన ఇల్లు పోలేదు. వినిపించావా? ఇప్పుడు కూర్చుని మిగతాది చదువు.

సోమవారం హర్రాజుకు నేనే పోయాను. కంపెనీలో సెలవు అడిగితే సూపర్‌వైజర్ నా నోటుబుక్కు లాక్కుని "ఏం పని?" అని రాశాడు. "మా ఇంటిని కోర్టు హర్రాజు వేస్తోంది, చూడ్డానికి" అని రాసిచ్చాను. చదివి, తల దించుకుని పుస్తకం నా చేతిలో పెట్టాడు. మూడేళ్లుగా రావిర్యాలలో వాడి కింద డబ్బాలు ప్యాక్ చేస్తున్నాను. వాడు తల దించుకోవడం అదే మొదటిసారి చూశాను.

కోర్టు వరండాలో ముప్పై మంది దాకా ఉన్నారు. ఏడేళ్లప్పుడు జ్వరంతో నా చెవులు పోయినప్పటి నుంచి గుంపంటే నాకు నీ చేపల తొట్టి లెక్కనే. నోళ్లు తెరుచుకుంటాయి, మూసుకుంటాయి, అంతే. ఒకాయన కాగితం పట్టుకుని చదివాడు. నలుగురు చేతులు లేపారు. తర్వాత ఇద్దరే లేపారు. ఎర్రచొక్కా ఆయన చివరిదాకా లేపుతూనే ఉన్నాడు. ఒక్కసారిగా అందరూ కదిలారు. ఎర్రచొక్కా ఆయన టేబుల్ దగ్గరకు పోయి చెక్కు రాసిచ్చాడు. కోర్టు టైం పాడు చేసినందుకు జరిమానా వేసి ఉంటారు. బెంచీ మీద వేరే కేసు కోసం వచ్చిన ముసలాయన ఉంటే పుస్తకం ఇచ్చి "ఏమైంది?" అని అడిగాను. ఆయన రాసింది ఉన్నదున్నట్టు రాస్తున్నాను: "పాట కొట్టేసిన్రు."

వేలం రద్దన్నమాట! నిజమేనా అని దాని కింద గీత గీసి చూపించాను. తల ఊపాడు.

బాపూ, ఆ వరండాలోనే కూర్చుని అంతా మొదటి నుంచి గుర్తు చేసుకున్నాను. ఐలేష్ మామ వ్యాను కొనుక్కుంటే ఆయన అప్పుకు హామీగా నువ్వు జమానతు సంతకం పెట్టావు. ఆయన వ్యానుతో సహా భీవండి పోయాడు. ఫైనాన్సోడు ఆయన్ని వదిలేసి నీ మీద డిక్రీ తెచ్చాడు. ఒక్క రూపాయి కూడా వాడుకోని మన మీద! ఎవడో ఒకడు ఈ అన్యాయాన్ని చూడకపోతాడా అనుకున్నాను. చూశారు. కొట్టేశారు.

పర్వేజ్ చేపల వ్యాను రేపు మీ దిక్కు బయలుదేరుతుంది. చీటీ ఇచ్చి పంపిస్తున్నాను. అమ్మ మోకాళ్ల నూనె కూడా ఉంది, తాగేది అనుకునేవు.

నీ మొండి బిడ్డ
కరుణ


కృష్ణ వెనక నీళ్లు, గుట్టల నడుమ
21 ఫిబ్రవరి

బిడ్డా కరుణా,

నీ కాయితం పర్వేజ్ మొన్న ఇచ్చిండు. నేను మాట్లాడినట్టే రాస్త, నీ లెక్క పేపరు తెలుగు నాకు రాదు. ఐదో తరగతోని రాత, తప్పులు దిద్దుకోని చదువుకో.

మీ అమ్మ విని ఏమన్నదో ఎరుకేనా? "ఇగ నాకు బువ్వ పడ్తది" అన్నది. పడ్డది గూడ. పదకొండు కిలోల బొచ్చె వలల పడ్తె తలకాయ పులుసు పెట్టింది. మా చేపలు కొనే కాంట్రాక్టర్‌కు చెప్పలే. చెప్తె తూకమేసి తీసుకపోతడు.

ఈడ సిగ్నల్ లేదు. పుట్టి వేసుకోని అర్ధగంట పోయి గుట్టెక్కితే ఒక గీత వస్తది. వచ్చి ఏం ఫాయిదా, ఫోన్ల నా మాట నీకు వినపడదాయె. నువ్వు మెసేజ్ పెడ్తె నా డబ్బ ఫోన్ల అన్నీ గడులు గడులే వస్తయి. పర్వేజ్ పది దినాలకోసారి వస్తడు, ఆయనే మన టపా.

ఒక్క మాట అడుగుత, కోపం చెయ్యకు. మన దగ్గర చేపల పాటల "పాట కొట్టేసిన్రు" అంటే సరుకు ఒకని పేరు మీద పడ్డట్టు. ఒకటోసారి, రెండోసారి, మూడోసారి అని తట్ట మీద కొడ్తరు. అయిపాయె, అమ్ముడుపోయింది. ఆ ముసలాయన ఏ కొట్టుడు రాసిండో? ఎవని పేరు మీద కొట్టిన్రో జర అడుగు. వకీలుకు చూపియ్యి.

ఊకెనే అడిగిన. మనసుల పెట్టుకోకు.

బాపు లింగస్వామి


ఇబ్రహీంపట్నం
2 మార్చి, ఆదివారం

బాపూ,

మనసులో పెట్టుకున్నాను. కడుపులో కూడా పెట్టుకున్నాను.

కోర్టు చేపల మార్కెట్ కాదు. అక్కడ తట్టలుండవు. ఈ కాగితంతో మూడు పేపర్ ముక్కలు పిన్ను కొట్టి పంపుతున్నాను. చదువు. "పిటిషన్‌ను కొట్టివేసిన కోర్టు." "భూవివాదం కేసు కొట్టివేత." "అప్పీలును కొట్టేసిన ధర్మాసనం." కోర్టులో కొట్టేస్తే అయిపోయినట్టు, లేనట్టు. నువ్వు తెచ్చిన చేపలు చుట్టే పాత పేపర్ల మీద నేను చదువు నేర్చుకున్నాను. బడిలో టీచర్ నన్ను గోడ పక్కన కూర్చోబెడితే ఆ పేపర్లే నాకు బడి. ఇంత చేసి ఒక మంచి మాట రాస్తే దానికి కూడా చేప వాసన పట్టించావు.

వకీలు దగ్గరికి పోతే మొదటి చూపుకే వెయ్యి రూపాయలు. గెలిచిన కేసుకు వెయ్యి ఎందుకు?

ఇంటి పైకప్పు రేకులు మార్పించాను. కంపెనీ పీఎఫ్ నుంచి తీసి దాచిన ముప్పై ఎనిమిది వేలు అయ్యాయి. ఇల్లు ఉంటుందో పోతుందో అని రెండేళ్లు ఆగాం, నా మంచం మీద వాన కారింది. ఇక ఆగను. పక్కింటి సుగుణమ్మ వచ్చి రేకులు చూసి, నా పుస్తకంలో "పొయ్యే ఇంటికి రేకులెందుకే పిల్లా" అని రాసింది. "నీ నోరు పోతుంది ముందు" అని కింద రాశాను. అప్పటి నుంచి మాటల్లేవు. నాకు మాటలతో పనేముంది.

అమ్మను బాగా తినమను.

కరుణ


గుట్టల నడుమ
11 మార్చి

బిడ్డా,

తప్పైంది. పేపర్ ముక్కలు చదివిన, అమ్మకు గూడ చదివి వినిపించిన. "పిల్లకు చదువున్నది, నీకు చేపలున్నయి, నోరు మూసుకో" అన్నది. మూసుకున్న.

సుగుణమ్మతోని కొట్లాట పెట్టుకోకు. నీకు జ్వరమొచ్చిననాడు దవాఖానకు ఎత్తుకపోయింది ఆమెనే.

ఇల్లు నిలవడ్డది గద అని నేను గూడ ధైర్నం చేసిన. కాంట్రాక్టర్ దగ్గర లక్ష రూపాయలు ముందుగాల తీసుకోని కొత్త వల, కొత్త పుట్టి కొన్న. జూన్ ఆఖరు దాకా ఈడికెల్లి కదలనని కాయితం రాసిచ్చిన. ఎండలకు నీళ్లు తగ్గితే చేపలు మస్తు పడ్తయి. జూన్‌ల వచ్చి నీ కొత్త రేకుల కింద పండుకుంట.

నీ కంపెనీల షబీనా అని ఒకామె ఉందన్నవ్, చేతుల సైగలు నేర్చుకోని నీతోని మాట్లాడుతదని. ఆమెకు ఎండుచేపలు పంపుతున్న. తింటరో లేదో అడిగి ఇయ్యి.

బాపు


ఇబ్రహీంపట్నం
24 మార్చి, సోమవారం

బాపూ,

నువ్వు చెప్పిందే నిజం. చేపల మార్కెట్టే.

నిన్న పొద్దున ఇద్దరు మనుషులు టేపు పట్టుకుని మన ఇంటి గోడ కొలుస్తుంటే బయటకు పోయి టేపు కాలితో తొక్కాను. ఒకడు ఎర్రచొక్కా ఆయనే. నిన్న తెల్లచొక్కా వేసుకున్నాడు, మొహం గుర్తుపట్టాను. ఫోన్‌లో కోర్టు రసీదు చూపించాడు. కొన్నాడు బాపూ. పదమూడు లక్షలకు. ముప్పై లక్షలకు తక్కువ లేని ఇల్లు. మహేశ్వరం దిక్కు ప్లాట్ల వెంచర్లు వేసేవాడట. వాడు నా మీద అరవలేదు. నా పుస్తకం అడిగి తీసుకుని "తొందర లేదమ్మా, కోర్టు ఖాయం చేసినంక ఖాళీ చెయ్యి" అని మర్యాదగా రాశాడు. ఆ మర్యాదకు నాకు ఒళ్లు మండిపోయింది.

సుగుణమ్మ కాళ్ల దగ్గర కూర్చున్నాను. ఆమె తిట్టింది, పెదాలు చదివి అర్థం చేసుకున్నాను, తిట్లు తేలిగ్గానే అర్థమవుతాయి. తిట్టి, ఈ రోజు నన్ను జగదీశ్వర్ వకీలు దగ్గరకు తీసుకుపోయింది. ఆయన కాగితాలు చూసి పుస్తకంలో మొదట రాసిన మాట: "గిన్ని దినాలు ఏం జేసినవమ్మా?"

బాపూ, జాగ్రత్తగా చదువు. రెండుసార్లు చదువు. కోర్టు హర్రాజును రద్దు చెయ్యమని అడగాలంటే అరవై రోజులే గడువు. హర్రాజు జరిగిన రోజు నుంచి. ఫిబ్రవరి పది నుంచి. నలభై రెండు రోజులు అయిపోయాయి. పద్దెనిమిది ఉన్నాయి. ఏప్రిల్ పదకొండు, శుక్రవారం, ఆఖరు. ఆ తర్వాత బ్రహ్మ దిగివచ్చినా కోర్టు ఆ దరఖాస్తు తీసుకోదు. "ఆలస్యం మన్నించండి అని అడగొచ్చు కదా, పేపర్లో చదివాను" అని రాశాను. "వేరేవాటికి అడగొచ్చు. దీనికి ఆ దారి లేదు" అని రాశాడు.

దార్లు రెండు. ఒకటి, హర్రాజులో మోసమో పెద్ద పొరపాటో జరిగిందని, దానివల్లే మనకు నష్టమైందని రుజువు చెయ్యడం. "ఏం మోసం జరిగింది?" అని ఆయన అడిగాడు. "నాకు వినబడలేదు" అని రాశాను. ఆయన పుస్తకం దగ్గరకు లాక్కున్నాడు. తర్వాత రాశాడు: "పాటకు నువ్వే వచ్చినవ్. నీ ముంగటనే అయింది. నీకు వినపడకపోవుడు వాళ్ల మోసం కాదు. ధర తక్కువొచ్చిందంటే ఒక్క దానికే రద్దు చెయ్యరు."

రెండోది, కట్టడం. బాకీ నాలుగు లక్షల అరవై రెండు వేలు. దాని మీద, కొన్నవాడికి నష్టం కింద పాట సొమ్ములో నూటికి ఐదు, అంటే అరవై ఐదు వేలు. అదే అరవై రోజుల్లోపల కోర్టులో కడితే హర్రాజు రద్దవుతుంది, ఎవరూ అడ్డు చెప్పలేరు. నువ్వు రాకపోయినా నీ తరఫున నేను కట్టొచ్చట. ఐదు లక్షల ఇరవై ఏడు వేలు. నా జీతం పద్నాలుగున్నర వేలు.

ఆ రోజే వెయ్యి రూపాయలు పెట్టి ఆయన దగ్గరకు పోయి ఉంటే! నువ్వు పొమ్మని రాశావు కూడా. రేకులకు పెట్టిన ముప్పై ఎనిమిది వేలు, నువ్వు రాసిచ్చిన కాగితం, అన్నీ నా ఒక్క మాట మీద నడిచాయి. నన్ను తిట్టు. బాగా తిట్టు. కానీ ముందు డబ్బు చూడు.

కరుణ


గుట్టల నడుమ
1 ఏప్రిల్

బిడ్డా కరుణా,

వ్యాను ఖరాబైందట, పర్వేజ్ నిన్ననే వచ్చిండు. నీ కాయితం చదివితే నెత్తిన పిడుగు వడ్డట్టయింది. నేను ఏం తిట్టను. సంతకం పెట్టింది నేను. నువ్వు పుట్టించిన బాకీ కాదు ఇది.

కాంట్రాక్టర్ కాళ్లు మొక్కిన. "కాయితం రాసిచ్చినవ్ గద లింగస్వామీ, లక్ష ఈడ పెట్టి కదులు" అన్నడు. పుట్టి, వల అమ్మనియ్యడు. అవి ఆయన పైసలతోని కొన్నయి గద. మీ అమ్మ చెవుల కమ్మలు, మెడల గుండ్లు తీసి నా చేతుల పెట్టింది. పర్వేజ్ తమ్ముడు వాటిని అమ్మి లక్షా ఇరవై వేలు నీకిస్తడు. అడిగి తీసుకో.

ఇగ దినాల సంగతి. జర నిమ్మళంగ విను. ఈడ లెక్కలు రాసే వినీత్ సారు డిగ్రీ చదివిండు. ఆయన చెప్పిండు, గడువంటే మనకు తెలిసిన దినం నుంచి లెక్క అని. నాకు గూడ గదే నాయమనిపిస్తున్నది. దూరంల ఉన్న మన ఇంటిపేరు పాలోడు సచ్చిపోతే, కబురు తెలిసిన దినం నుంచే గద మనకు మైల పడుతది? తెల్వనోనికి దినాలెట్ల నడుస్తయి? నీకు తెలిసింది మార్చి ఇరవై మూడుకు. ఆడికెల్లి అరవై అంటే మే నెల ఇరవై దాటుతది. అప్పటికి నేను పట్టిన చేపల లెక్క చూసి కాంట్రాక్టర్ ఇంకో లక్షన్నర ఇస్తనన్నడు. ఫికర్ చెయ్యకు.

వకీళ్లు భయపెడ్తరు, అది వాళ్ల యాపారం. మొన్న నన్ను చేపల మార్కెట్ అన్నవ్. నేను చెప్పిందే నిజమాయె. ఇప్పుడన్న నా మాట విను.

బాపు


ఇబ్రహీంపట్నం
6 ఏప్రిల్, ఆదివారం

బాపూ,

కోర్టుకు మైల తెలియదు.

నీ కాగితం చదివి పుస్తకం గోడకేసి కొట్టాను. అయినా మళ్లీ జగదీశ్వర్ వకీలు దగ్గరకు పోయాను, నీ మాట మీద ఒక్కసారి ఆశ పడ్డాను కాబట్టి. ఆయన చట్టం పుస్తకం తెరిచి, వేలు పెట్టి ఆ వరస చూపించాడు. "అమ్మకం జరిగిన తేదీ నుంచి." చిన్న అక్షరాలు. తెలిసిన తేదీ అని ఎక్కడా లేదు. పక్క వరసలు కూడా చదివాను, ఎక్కడైనా దూరంగా ఉన్నవాళ్లకు, చెవిటివాళ్లకు అని ఉంటుందేమోనని. లేదు.

వినీత్ సారుకు చెప్పు, ఇంకెవరికీ ఇట్లా చెప్పొద్దని.

ఈ కాగితం రేపు బయలుదేరి ఎల్లుండి నీ దగ్గరకు వస్తుంది. పర్వేజ్‌కు చెప్పాను, ఈసారి చేపల కోసం ఆగకుండా నీ జవాబు పట్టుకుని వెంటనే తిరిగి రమ్మని. డీజిల్ పైసలు అడగలేదు.

అమ్మ బంగారం లక్షా ఇరవై వచ్చింది. కంపెనీ ఆడవాళ్ల చిట్టీలో నా వంతు ముందే ఎత్తి ఇచ్చారు, ఎనభై. సుగుణమ్మ మనవరాలి ఫీజుకు దాచిన యాభై తెచ్చి బియ్యం డబ్బా మీద పెట్టి, నేను వద్దనకముందే వెళ్లిపోయింది. పీఎఫ్‌లో మిగిలింది నలభై ఐదు. రెండు లక్షల ముప్పై రెండు వేలు తక్కువ.

ఇస్తానని ఒకడున్నాడు. తుక్కుగూడలో ఫైనాన్స్. జమానతు కావాలి, జమానతుకు ఇంటి కాగితాలు కావాలి. షబీనాకు వాళ్ల నాన్న రాసిచ్చిన రెండు గదులున్నాయి. నేను అడగలేదు బాపూ. నా మొహం చూసి ఆమే అడిగింది. విషయం తెలిశాక భోజనాల గంటలో నా చెయ్యి పట్టుకుని పుస్తకంలో రాసింది: "నేను పెడ్త దస్తఖత్. దోస్త్ ఎందుకున్నట్టు?"

శుక్రవారం లోపల నువ్వు ఏమంటావో రాసి పంపు.

కరుణ


గుట్టల నడుమ
8 ఏప్రిల్

బిడ్డా,

పర్వేజ్ ఇంజన్ బంద్ చెయ్యకుంట నిలవడ్డడు, రెండు ముక్కలే రాస్త.

పెట్టించు. ఆమె సంతకం పెట్టించు. ఎవరి సంతకమైనా సరే పెట్టించు. జూన్‌ల నేను వచ్చి గా పైసలు కడ్త. ఆమె మంచి మనిషి, దేవుడే పంపిండు. ఇల్లు పోతే నేను ఇగ ఏ మొహం పెట్టుకోని ఊరికి రావాలె. మా నాయిన మట్టి మోసి కట్టిన ఇల్లు అది. మీ అమ్మ మూలకు కూసోని బోసి మెడ తడుముకుంటున్నది.

నా మాట విను ఈ ఒక్కసారి.

బాపు


ఇబ్రహీంపట్నం
12 ఏప్రిల్, శనివారం

బాపూ,

నీ కాగితం గురువారం అందింది. వినలేదు నీ మాట. ఇల్లు పోయింది. నిన్న సాయంత్రం ఐదింటికి పోయింది. ఇది నువ్వు నిలబడి చదువుతుంటే కూర్చో. ఎట్లా జరిగిందో మొత్తం చెబుతాను, ఎందుకంటే నీకు వేరేవాళ్లు వేరేగా చెబుతారు.

నిన్న పొద్దున పదిన్నరకు కోర్టు బయట, స్టాంపులు అమ్మే రేకుల షెడ్డు దగ్గర కలిశాం. నేను, షబీనా, ఫైనాన్స్ మనిషి. జగదీశ్వర్ వకీలు దరఖాస్తు తయారుచేసి పెట్టుకున్నాడు. డబ్బు చేతికి రాగానే బ్యాంకులో కట్టి చలానా తేవడమే. షబీనా కంపెనీకి నాగా పెట్టి వచ్చింది. ఇంటి కాగితాలు పాలకవరులో చుట్టి, దాన్ని మళ్లీ ఇంకో కవరులో పెట్టి తెచ్చింది. పెన్ను మూత తీసి పళ్ల మధ్య పెట్టుకుని "ఏడ?" అని సైగ చేసింది. ఏదో హాజరు పట్టీలో సంతకం పెట్టడానికి వచ్చినట్టు నవ్వుతోంది.

నేను ఫారం అడిగాను. ఫైనాన్స్ మనిషి చిరాకుపడ్డాడు. పెదాలు చదివాను: "అందరు పెట్టేదే, చదివేదేముంది?" ఆరు పేజీలు. అన్నీ చదివాను. నెలకు పదకొండు వేల కిస్తీ. నా జీతంలో మిగిలేది మూడున్నర వేలు. సుగుణమ్మకు, చిట్టీకి కట్టాల్సింది వేరే. నువ్వు జూన్‌లో వచ్చినా కాంట్రాక్టర్ లక్ష నీ మెడ మీద ఉంటుంది. నేలమీద కూర్చుని లెక్క వేశాను. ఎట్లా వేసినా ఆగస్టు దాటలేదు. నాలుగో కిస్తీకో ఐదో కిస్తీకో నేను చేతులెత్తేస్తాను. అప్పుడు వాళ్లు నా దగ్గరకు రారు, నా దగ్గర ఏమీ ఉండదు. షబీనా రెండు గదుల మీదికి పోతారు.

ఐలేష్ మామ కూడా నిన్ను ముంచాలని సంతకం పెట్టించుకోలేదేమో బాపూ. ఆయన మీద ఇన్నేళ్లు పళ్లు కొరికాను. నిన్న ఆయన నిలబడ్డ చోటే నేను నిలబడి ఉన్నాను. ఆయనకు లెక్క వేసే ఓపిక లేకపోయింది, అంతే తేడా. నాకు ఉంది, ఆ ఓపికే నా కొంప ముంచింది.

ఫారం మడిచి ఫైనాన్స్ మనిషి జేబులో పెట్టాను. షబీనా నన్ను కొట్టింది. నిజంగా, వీపు మీద. "పాగల్ అయినవా? ఇయ్యాల ఆఖరు!" చుట్టుపక్కల అందరూ చూస్తుంటే ఇద్దరం చేతులతో అరుచుకున్నాం. ఆమె కాగితాల కవరు లాక్కుని నా చొక్కా లోపల పెట్టుకుని రెండు చేతులతో పట్టుకున్నాను. ఆమె ఏడ్చింది. నేను ఏడవలేదు, నాకు కోపంగా ఉంది. నీ మీద, నా మీద, బెంచీ మీద ముసలాయన మీద, ఆ చిన్న అక్షరాల మీద.

జగదీశ్వర్ వకీలు మూడుసార్లు బయటకు వచ్చి చూశాడు. "ఉన్నంత కడ్తే అయితదా?" అని మధ్యాహ్నం మా కోసం వచ్చిన సుగుణమ్మ ఆయన్ని అడిగింది. కాదన్నాడు. ఒక్క రూపాయి తగ్గినా కాదు. నేను వరండాలోనే కూర్చున్నాను. ఐదింటికి గుమాస్తా తలుపు మూసి, బయట ఉన్న మమ్మల్ని చూసి, తాళం వెయ్యడానికి కాసేపు ఆగాడు. ఏమైనా ఉందా అని చెయ్యి ఊపి అడిగాడు. ఏం లేదని చెయ్యి ఊపాను.

ఈ రోజు షబీనా కాగితాలు షబీనాకు, ఎవరి డబ్బు వాళ్లకు ఇచ్చేశాను. సుగుణమ్మ తీసుకోలేదు, గుమ్మం మీద పెట్టి వచ్చాను. అమ్మ లక్షా ఇరవై అట్లానే ఉంది. ఇక కోర్టు అమ్మకాన్ని ఖాయం చేస్తుంది. బాకీ పోగా ఎనిమిది లక్షల పైన నీకు ఇస్తారు, దానికి నువ్వే వచ్చి సంతకం పెట్టాలి. అమ్మ డబ్బులోంచి లక్ష పర్వేజ్‌తో పంపుతున్నాను, కాంట్రాక్టర్ మొహాన కొట్టి ఇద్దరూ రండి. గది చూస్తున్నాను. చెవులు వినబడవంటే ఒకామె కిరాయికి ఇవ్వనంది. వేరేది చూస్తాను.

నువ్వు నన్ను తిట్టినా సరే. నేను మాత్రం ఇంకోసారి కూడా ఇదే చేస్తాను. ఈ వాక్యం నాలుగుసార్లు కొట్టేసి మళ్లీ రాశాను, కాబట్టి నమ్ము.

కరుణ


గుట్టల నడుమ
19 ఏప్రిల్

బిడ్డా కరుణా,

పైసలు ముట్టినయి. కాంట్రాక్టర్ లెక్క పెట్టుకోని కాయితం చింపిండు. సోమవారం పర్వేజ్ వ్యాన్ల వస్తున్నం.

అబద్ధమెందుకు, రెండు దినాలు నీ పేరెత్తలే నేను. వల కాడికి గూడ పోలే. పిల్ల నాకు బుద్ధి చెప్తున్నది, నేను ఐలేష్‌కు పెట్టిన సంతకం తప్పని ఊరందరి ముంగట చూపిచ్చింది అనుకున్న. ఇంత బతుకు బతికి బిడ్డ చేత ఇల్లు పోగొట్టుకుంటినే అనుకున్న. ఇప్పటికి గూడ కోపం మొత్తం పోలే. వచ్చినంక నీతోని సక్కగ మాట్లాడుతనో లేదో, ముందే చెప్తున్న.

మూడో దినం మీ అమ్మ నీ కాయితం మళ్ల చదువుమన్నది. కోపంతోనే చదివిన. మొత్తం విన్నది. ఇంటి గురించి ఏమీ అడగలే, మెడల గుండ్ల గురించి గూడ అడగలే.

"ఆ పిల్ల షబీనాకు ఇల్లున్నదా ఇంకా?" అన్నది.

ఉన్నది అన్న.

"అయితే ఉండనియ్యి" అని పొయ్యి ముట్టించింది.

బాపు